చావు ఆట మధ్యలో యాడ్ బ్రేక్: 2001 నాటి ‘స్లాషర్స్’ సినిమా ఎందుకు చూడాలి?

పోయిన ఎపిసోడ్ కింద ఒక తమ్ముడు అడిగాడు, “అన్నా, స్క్విడ్ గేమ్ లాంటివి చూసీ చూసీ బోర్ కొట్టేసింది, దానికంటే చాలా ముందు వచ్చినవి, మా బ్యాచ్‌లో ఎవరికీ తెలియనివి ఏమైనా ఉంటే చెప్పు” అని. ఉంది తమ్ముడూ. ఈరోజు దాని గురించే మాట్లాడుకుందాం.

సినిమా పేరు ‘స్లాషర్స్’. 2001లో వచ్చిన కెనడా సినిమా. డైరెక్టర్ పేరు మారిస్ డెవెరో. పెద్ద స్టార్లు లేరు, పెద్ద బడ్జెట్ లేదు. పోస్టర్ మీద పేరులో ఎస్ అక్షరాలు ఉండాల్సిన చోట డాలర్ గుర్తులు వేశారు. అంటే సినిమా దేని గురించో పోస్టర్ మీదే చెప్పేశారు. చావు గురించి కాదు, చావుని అమ్ముకోవడం గురించి.

రెండు మాటలు ముందే చెప్పేస్తా. ఒకటి, ఇందులో రక్తం బాగానే ఉంటుంది. ఇంట్లో పిల్లల్ని పక్కన కూర్చోబెట్టుకుని చూసే సినిమా కాదు. రెండోది, ముగింపు నేను చెప్పను. ఎవరు బతికారు, ఎవరు పోయారు అనేది మీరే చూసుకోండి. నేను చెప్పాలనుకున్నది వేరే ఉంది. ఈ సినిమా చూశాక నేను చేసిన ఒక వెధవ పని నాకు గుర్తొచ్చింది. అది కూడా చెప్తా, కానీ చివర్లో.

అసలు స్లాషర్ అంటే ఏంటి?

కొత్తగా వచ్చినవాళ్ల కోసం సింపుల్‌గా చెప్తా. హారర్‌లో చాలా రకాలున్నాయి. దెయ్యం సినిమాలు, చేతబడి సినిమాలు, జాంబీ సినిమాలు. స్లాషర్‌లో దెయ్యం ఉండాల్సిన పని లేదు. ఒక హంతకుడు ఉంటాడు, చాలాసార్లు ముసుగు ఉంటుంది, చేతిలో కత్తో గొడ్డలో ఉంటుంది, తుపాకీ మాత్రం దాదాపు ఉండదు. ఒక గుంపు కుర్రాళ్లు ఉంటారు. ఒక్కొక్కరే పోతారు. చివరికి ఎక్కువసార్లు ఒక అమ్మాయి మిగులుతుంది, తిరగబడుతుంది. ఆ పాత్రకి ‘ఫైనల్ గర్ల్’ అని పేరు పెట్టింది కరోల్ క్లోవర్ అనే అమెరికన్ ప్రొఫెసర్, 1987లో రాసిన ఒక వ్యాసంలో.

ఈ జానర్ మొదటినుంచీ తక్కువ డబ్బున్నోళ్ల జానర్. 1978లో జాన్ కార్పెంటర్ తీసిన ‘హాలోవీన్’ తీసుకోండి. దాని బడ్జెట్ సుమారు 3 లక్షల డాలర్లు. హాలీవుడ్ లెక్కలో అది చిల్లర. అందులో హంతకుడు పెట్టుకునే తెల్ల ముసుగు ఉంది చూడండి, ప్రపంచమంతా భయపడిన ముసుగు. అది స్టార్ ట్రెక్‌లో కెప్టెన్ కర్క్ ముఖంతో షాపులో అమ్మే మామూలు రబ్బరు మాస్క్. దాన్ని కొనుక్కొచ్చి, తెల్ల రంగు కొట్టి, కళ్ల దగ్గర రంధ్రాలు పెద్దవి చేశారు. అంతే. స్లాషర్‌లో డబ్బు లేకపోవడం లోపం కాదు. బుర్ర లేకపోతేనే లోపం.

సరే, ఇప్పుడు కథలోకి వెళ్దాం.

ఆట రూల్స్

సినిమాలో ‘స్లాషర్స్’ అనేది జపాన్‌లో సూపర్ హిట్ అయిన ఒక టీవీ షో. నిజం షో కాదు, కథలో షో. పోటీదారుల్ని ఒక పెద్ద భయంకరమైన సెట్‌లో వదిలేస్తారు. హాంటెడ్ హౌస్ లాగా గదులు, సందులు, ఉచ్చులు ఉంటాయి. వాళ్ల వెనక ముగ్గురు హంతకులు పడతారు. ఒకడు చైన్‌సా పట్టుకున్న చార్లీ. ఒకడు పాస్టర్ వేషంలో ఉండే ప్రీచర్‌మ్యాన్. ఇంకొకడు డాక్టర్ రిప్పర్. చివరిదాకా బతికితే మిలియన్ల డాలర్లు, పేరు, ఫేమ్. బతకకపోతే బతకలేదు, అంతే. చంపడం నటన కాదు, నిజంగానే చంపుతారు.

ఈసారి స్పెషల్ ఎపిసోడ్. ఆరుగురు పోటీదారులూ అమెరికన్లే. ముగ్గురు అమ్మాయిలు, ముగ్గురు అబ్బాయిలు. ఎవరూ బలవంతంగా తెచ్చినవాళ్లు కాదు. వాళ్లంతట వాళ్లే వచ్చారు.

సినిమా మొదలవ్వడమే స్టూడియోలో మొదలవుతుంది. యాంకర్ నవ్వుతూ గలగలా మాట్లాడుతుంటుంది, లైట్లు, మ్యూజిక్, ఎదురుగా ఆడియన్స్. హంతకుల పేర్లు చెప్పగానే అరుపులు, కేకలు. మన దగ్గర హీరో ఎంట్రీకి థియేటర్‌లో ఎలా అరుస్తారో అలా. మొదటి కొన్ని నిమిషాలు నాకు నవ్వొచ్చింది. ఓవర్ చేస్తున్నారు, సెట్ చీప్‌గా ఉంది అనుకున్నా. తర్వాత ఆట మొదలైంది, నవ్వు ఆగింది.

నన్ను పట్టేసిన రూల్ ఒకటుంది. యాడ్ బ్రేక్ రూల్. హంతకుడు ఒకరి వెంట పడుతుంటాడు, ఇంకొక్క అడుగు వేస్తే దొరికిపోతారు. సరిగ్గా అప్పుడు బ్రేక్ వస్తుంది. ఆట ఆగాలి. బ్రేక్ అయ్యేదాకా చంపకూడదు. అంటే అప్పటిదాకా రాక్షసుడిలా అరిచినవాడు కూడా డ్యూటీలో ఉన్న ఉద్యోగిలా ఆగిపోతాడు. బ్రేక్ అయిపోగానే మళ్లీ మొదలు.

ఆలోచించండి. ఎందుకు ఆపాలి? ఎందుకంటే యాడ్ టైమ్‌లో ఎవడైనా చస్తే ఇంట్లో కూర్చున్నవాళ్లు చూడలేరు. చూడలేని చావు వల్ల కంపెనీకి లాభం లేదు. ప్రాణానికి లేని విలువ యాడ్‌కి ఉంది. డైలాగులతో క్లాస్ పీకకుండా, ఈ ఒక్క రూల్‌తో డైరెక్టర్ మొత్తం చెప్పేశాడు. నా దృష్టిలో సినిమాలో అన్నిటికంటే భయపెట్టేది చైన్‌సా కాదు, ఈ బ్రేక్.

డబ్బు లేకుండా ఎలా తీశారు?

షార్ట్ ఫిల్మ్స్ తీసే తమ్ముళ్లు, చెల్లెళ్లు మన ఛానల్‌లో చాలామంది ఉన్నారు. ఈ ముక్క మీ కోసం.

ఈ సినిమాని డిజిటల్ వీడియో మీద తీశారు. 2001లో డిజిటల్ వీడియో అంటే ఇప్పటి మీ ఫోన్ క్వాలిటీ కూడా ఉండదు. బొమ్మ పలచగా, టీవీ బొమ్మలాగా ఉంటుంది. మామూలు సినిమాలో అయితే అది మైనస్. కానీ ఇక్కడ కథే టీవీ షో. బొమ్మ టీవీలాగా ఉంటేనే కరెక్ట్. తన దగ్గర లేనిదాన్ని దాచిపెట్టే కథ కాకుండా, లేకపోవడమే పనికొచ్చే కథ ఎంచుకున్నాడు.

రెండోది, సినిమా ఆట మొత్తం ఒకే ఒక్క షాట్‌లో నడిచినట్టు ఉంటుంది. షోలో ఒక కెమెరామ్యాన్ ఉంటాడు, పోటీదారుల వెనకే తిరుగుతుంటాడు. మనం చూసేదంతా అతని కెమెరాలోంచే. నిజంగా ఒకే టేక్‌లో తీయలేదు. సెట్‌లో లైట్లు టపటపా ఆరి వెలుగుతుంటాయి కదా, ఆ చీకటి క్షణాల్లో కట్స్ దాచేశారు. ఈ ట్రిక్ కొత్తది కాదు. 1948లో హిచ్‌కాక్ ‘రోప్’ సినిమాలో కెమెరాని ఒక మనిషి వీపు దాకా తీసుకెళ్లి, స్క్రీన్ నల్లగా అయినప్పుడు కట్ చేసేవాడు. అక్కడ కోటు వీపు, ఇక్కడ ఆరిపోయే లైటు. మీరు ఫోన్‌తో తీసినా ఇది పనిచేస్తుంది. ఒక స్విచ్ చాలు.

మూడోది, ఒకటే లొకేషన్. అందరూ ఒక చోట ఇరుక్కున్నారు కాబట్టి బయటికి వెళ్లి తీయాల్సిన పని లేదు.

అదే టైమ్‌లో ఇలాంటి ఆలోచనే చాలామందికి వచ్చింది. 2000లో జపాన్‌లో ‘బాటిల్ రాయల్’ వచ్చింది, స్కూల్ పిల్లల్ని ఒక దీవిలో వదిలి ఒకరినొకరు చంపుకోమంటారు. 2001లో అమెరికాలో ‘సిరీస్ 7: ద కంటెండర్స్’ వచ్చింది, అందులో ఎనిమిదో నెల గర్భవతి కూడా ఒక పోటీదారు. 2002లో బ్రిటన్ నుంచి ‘మై లిటిల్ ఐ’ వచ్చింది, ఐదుగురు ఒక ఇంట్లో ఆరు నెలలు ఉంటే పది లక్షల డాలర్లు, ఒక్కరు బయటికి వెళ్లినా అందరికీ సున్నా. అప్పట్లో ఎవరికీ తెలియని బ్రాడ్లీ కూపర్ అందులో చిన్న పాత్ర వేశాడు.

ఎందుకు అందరికీ ఒకేసారి వచ్చింది? ఎందుకంటే 1999లో నెదర్లాండ్స్‌లో ‘బిగ్ బ్రదర్’ మొదలైంది. 2000లో అమెరికాలో ‘సర్వైవర్’ వచ్చింది, దాని మొదటి సీజన్ ఫైనల్‌ని 5 కోట్లమందికి పైగా చూశారు. మామూలు మనుషుల్ని ఒక చోట పెట్టి, ఒక్కొక్కరినీ బయటికి పంపించే ఆట. గమనించారా? ఒక గుంపు, ఒక ఇల్లు, ఒక్కొక్కరే తగ్గిపోతారు, చివరికి ఒకరు మిగులుతారు. ఇది అచ్చం స్లాషర్ కథే కదా! కత్తి బదులు ఓటు ఉంది, అంతే తేడా. ఆ రెండూ కలపాలని ఎవరికైనా అనిపిస్తుంది. అదే ఫార్మాట్ మన దగ్గరికి 2017లో ‘బిగ్ బాస్ తెలుగు’గా వచ్చింది, మొదటి సీజన్‌కి జూనియర్ ఎన్టీఆర్ హోస్ట్. మన ఇళ్లలో అమ్మమ్మలకి కూడా ఎలిమినేషన్ అనే మాట తెలుసు ఇప్పుడు.

ఇది సినిమాలోనే జరుగుతుందా?

ఇక్కడ మీరు “అన్నా, ఇదంతా కల్పన, నిజంగా ఎవడు చేస్తాడు” అంటారు. నేనూ అలాగే అనుకున్నా. చంపడం వరకు కల్పనే. కానీ ఒక నిజం కథ వినండి. ఈ సినిమాకి దానికి సంబంధం ఉందని నేను అనను. పక్కపక్కన పెట్టి చూడండి, అంతే.

1998 జనవరిలో జపాన్‌లో ఒక టీవీ షో వాళ్లు ఒక యువ కమెడియన్‌ని ఎంచుకున్నారు. అతన్ని అందరూ నసుబి అని పిలుస్తారు. నసుబి అంటే జపనీస్‌లో వంకాయ. ముఖం కోలగా ఉంటుందని ఆ పేరు. అతన్ని ఒక చిన్న గదిలోకి తీసుకెళ్లి బట్టలు విప్పేయమన్నారు. గదిలో తిండి లేదు, బట్టలు లేవు. ఒక కుప్ప పత్రికలు, ఖాళీ పోస్ట్‌కార్డులు ఉన్నాయి. పత్రికల్లో వచ్చే లక్కీ డ్రా పోటీలకి కార్డులు రాసి పంపాలి. అందులో ఏది గెలిస్తే అదే తినాలి. గెలిచిన వస్తువుల విలువ 10 లక్షల యెన్‌లు అయ్యేదాకా బయటికి రాకూడదు.

కెమెరా ఉందని అతనికి తెలుసు. కానీ అది అప్పుడే టీవీలో వస్తోందని తెలియదు. దేశమంతా చూస్తోందని తెలియదు. కుక్కల తిండి గెలిస్తే అది కూడా తిన్నాడు. దాదాపు సంవత్సరం తర్వాత టార్గెట్ పూర్తి చేశాడు. వదిలేశారా? లేదు. కొరియా తీసుకెళ్లి అక్కడ మళ్లీ మొదలుపెట్టించారు. మొత్తం 15 నెలలు. చివర్లో జపాన్ తీసుకొచ్చి, ఇంకో గదిలో పెట్టారు. అతను అలవాటుగా బట్టలు విప్పేశాడు. అప్పుడు ఆ గది గోడలు నాలుగు వైపులా పడిపోయాయి. చుట్టూ స్టూడియో, ఎదురుగా వందలమంది ఆడియన్స్. అందరూ చప్పట్లు కొడుతున్నారు, నవ్వుతున్నారు. అతను ఒక దిండు అడ్డం పెట్టుకుని, ఏం జరుగుతోందో అర్థం కాక చూస్తూ నిలబడ్డాడు.

తర్వాత అతను నిలదొక్కుకున్నాడు. 2016లో ఎవరెస్ట్ ఎక్కాడు. 2023లో అతని మీద ‘ద కంటెస్టెంట్’ అని ఒక డాక్యుమెంటరీ వచ్చింది, దొరికితే చూడండి. కానీ ఆ గోడలు పడిపోయే సీన్ నా బుర్రలోంచి పోవడం లేదు. ‘స్లాషర్స్’ మొదట్లో స్టూడియో ఆడియన్స్‌ని చూసి “ఓవర్ చేస్తున్నారు” అనుకున్నానని చెప్పాను కదా. ఓవర్ ఏం కాదు.

ఇప్పుడు నా సంగతి

డిగ్రీ రోజుల్లో హాస్టల్‌లో ఉండేవాణ్ణి. రాత్రి తొమ్మిదిన్నర అయితే ఒక ఫోన్ బకెట్‌కి ఆనించి పెట్టి, ఏడుగురం దాని ముందు కూర్చుని ఒక రియాలిటీ షో చూసేవాళ్లం. పేరు అనవసరం, షో తప్పేం లేదు, తప్పు నాది. అందులో ఒక అమ్మాయి ఉండేది. కొంచెం గట్టిగా మాట్లాడేది, తొందరగా ఏడ్చేసేది. మాకు చిరాకు. ఒకరోజు ఆమె ఏడుస్తున్న స్క్రీన్‌షాట్ తీసి, దాని మీద ఒక మాట రాసి పెట్టాను. ఆ మాట ఇప్పుడు చెప్పను, చెప్పడానికి నోరు రాదు. పొద్దున లేచేసరికి వందల లైకులు. రూమ్‌మేట్స్ భుజం తట్టారు, “అరేయ్, వైరల్ అయిపోయావ్ రా” అని. ఆ రోజు మెస్‌లో ఇడ్లీ కూడా రుచిగా అనిపించింది నాకు, అంత ఆనందం.

ఆమె ఒక మనిషి అని, రాత్రి ఫోన్ చూసుకుంటుందని, వాళ్ల అమ్మ కూడా చూస్తుందని, నాకు ఒక్కసారి కూడా తట్టలేదు. నిజంగా చెప్తున్నా, తట్టలేదు. నాకు ఆమె స్క్రీన్ మీద ఒక పాత్ర అంతే.

‘స్లాషర్స్’ చూస్తున్నప్పుడు నేను చాలాసేపు హంతకుల్నే చూస్తున్నా. సగం అయ్యాక గానీ గుర్తు రాలేదు, ఇదంతా నేను చూస్తున్నది ఆ కెమెరామ్యాన్ కళ్లతో కదా అని. అతను పక్కనే ఉంటాడు. ఎవరినీ కాపాడడు. అతని పని చూపించడం. మన పని చూడడం. అప్పుడు గుర్తొచ్చింది నా స్క్రీన్‌షాట్. నేను కత్తి పట్టుకోలేదు. కానీ నేను ఆ స్టూడియోలో కూర్చుని కేకలు వేసిన వాళ్లలో ఒకణ్ణి.

ఇంకొక నిజం చెప్పాలి, కొంచెం బరువైనది. జపాన్‌లోనే ‘టెరస్ హౌస్’ అనే రియాలిటీ షో ఉండేది. చాలా ప్రశాంతమైన షో, అరుపులు కూడా ఉండవు. అందులో హనా కిమురా అనే యువ రెజ్లర్ ఉండేది. ఇంట్లో ఉండే ఇంకొక అబ్బాయి పొరపాటున ఆమె రెజ్లింగ్ డ్రెస్‌ని ఉతికి పాడు చేశాడు, ఆమెకి కోపం వచ్చింది, అతని మీద అరిచింది. ఎపిసోడ్ బయటికి రాగానే ఆన్‌లైన్‌లో ఆమె మీద పడ్డారు. తిట్లు, చచ్చిపో అనే మెసేజ్‌లు. 2020 మే 23న ఆమె ప్రాణం తీసుకుంది. వయసు 22. షో ఆపేశారు.

ఆమెకి అలాంటి మెసేజ్‌లు పెట్టిన ఇద్దరు మగవాళ్లకి 2021లో కోర్టు జరిమానా వేసింది. ఎంతో తెలుసా? ఒక్కొక్కరికి 9,000 యెన్‌లు. మన డబ్బులో అప్పటి లెక్కన ఆరు వేల చిల్లర. ఆమె తల్లి ఊరుకోలేదు, చట్టం మార్చాలని పోరాడింది. 2022లో జపాన్ తన చట్టాన్ని మార్చింది. ఇప్పుడు అక్కడ ఆన్‌లైన్‌లో ఒకరిని అవమానిస్తే ఏడాది దాకా జైలు, 3 లక్షల యెన్‌ల దాకా జరిమానా పడొచ్చు.

చూడండి, ‘స్లాషర్స్’లో చంపడానికి చైన్‌సా కావాలి, సెట్ కావాలి, ముసుగు కావాలి. నిజంలో అవేవీ అక్కర్లేదు. ఎవరి ఇంట్లో వాళ్లు కూర్చుని, తలా ఒక లైను రాస్తే చాలు. ఒక్కొక్కరికీ అనిపిస్తుంది, “నేను రాసింది ఒక్క కామెంటే కదా” అని. అదే మాట ఎంతమంది అనుకున్నారో అన్ని కామెంట్లు ఆ ఫోన్‌లోకి వెళ్తాయి.

మరి చూడకూడదా?

నేను అలా చెప్పను ఫ్రెండ్స్. నేను ఇప్పటికీ రియాలిటీ షోలు చూస్తా. స్లాషర్లు కూడా చూస్తా. భయపడటంలో ఒక సరదా ఉంది, ఎవరు గెలుస్తారో అని టెన్షన్ పడటంలోనూ ఉంది. ఓటు వేయండి, నచ్చలేదని చెప్పండి, గేమ్ బాగా ఆడలేదని తిట్టుకోండి. ఆట గురించి మాట్లాడటం వేరు, మనిషి ముఖం గురించి, ఒంటి గురించి, ఇంట్లోవాళ్ల గురించి మాట్లాడటం వేరు. నేను ఇప్పుడు ఒకటే చూసుకుంటున్నా: ఆ మనిషి నా ఎదురుగా బస్సులో కూర్చుంటే ఈ మాట అనగలనా? అనలేను అంటే టైప్ చేసింది చెరిపేస్తా. చాలాసార్లు చెరిపేస్తున్నా, అది కూడా ఒప్పుకుంటా.

ఆ అమ్మాయికి తర్వాత సారీ అని ఒక మెసేజ్ పెట్టాను. చూసిందో లేదో తెలియదు. జవాబు రాలేదు. రావాలని కూడా ఏం లేదు. నా పోస్ట్ డిలీట్ చేశాను, కానీ అప్పటికే అది ఎన్ని గ్రూపుల్లో తిరిగిందో. అది నా చేతిలో లేదు. పెట్టడం ఒక్కటే నా చేతిలో ఉండింది, అది అప్పుడే చేసేశాను.

సినిమా గురించి ఫైనల్‌గా చెప్పాలంటే, నటన కొన్నిచోట్ల తేలిపోతుంది, సెట్ కొన్నిచోట్ల అట్టముక్కలా కనిపిస్తుంది, అరుపులు ఎక్కువ. అయినా ఒకసారి చూడొచ్చు. చూసేటప్పుడు ఒక పని చేయండి. యాడ్ బ్రేక్ వచ్చిన ప్రతిసారీ మీకు రిలీఫ్‌గా అనిపించిందా, లేక “అబ్బా, ఇప్పుడేనా బ్రేక్” అని చిరాకేసిందా, గమనించుకోండి. నాకు రెండోది అనిపించింది. దాని గురించి ఇంకా ఆలోచిస్తూనే ఉన్నా.

మీకు ఏమనిపించిందో కింద రాయండి. నన్ను తిట్టాలనిపిస్తే తిట్టండి, తిట్టించుకునే పనే చేశాను. మీలో ఎవరైనా ఆన్‌లైన్ ట్రోలింగ్ వల్లో, ఇంకో కారణం వల్లో మనసు బాగాలేక ఉంటే, దయచేసి ఒంటరిగా భరించకండి. ఇంట్లో ఎవరికైనా చెప్పండి, ఫ్రెండ్‌కి చెప్పండి, లేదా 14416కి ఫోన్ చేయండి. అది టెలీ మానస్, ప్రభుత్వ హెల్ప్‌లైన్, డబ్బు కట్టక్కర్లేదు, ఏ టైమ్‌లో అయినా తెలుగులో మాట్లాడొచ్చు.

వచ్చే ఎపిసోడ్‌లో ‘మై లిటిల్ ఐ’ గురించి వివరంగా మాట్లాడుకుందాం. ఆ ఆరు నెలల ఇంట్లో అసలు ఎవరు చూస్తున్నారో తెలిస్తే ఇంకోలా ఉంటుంది. అప్పటిదాకా ఉంటా మరి. జాగ్రత్త ఫ్రెండ్స్.